ఇంటి ఇన్వర్టర్: 150 ఏహెచ్ (ఆంపియర్-అవర్) ట్యూబులర్ లెడ్-ఆసిడ్ బ్యాటరీకి ఛార్జింగ్ 10 ఆంప్సా, 20 ఆంప్సా?

నిదానమే_ప్రధానం:
ఇన్వర్టర్ వెనక ఛార్జింగ్ స్విచ్ ఉంటే 10 మీదే ఉంచమంటాను. ఎక్కువ కరెంటు తోస్తే బ్యాటరీ వేడెక్కుతుంది, నీళ్లు త్వరగా తగ్గుతాయి, ప్లేట్లు అరిగిపోతాయి. రాత్రంతా కరెంటు ఉంటుంది కదా, తొందరేముంది?

కోత_వేళలు:
రాత్రంతా ఉండే ఊళ్లకి సరే. ఎండాకాలం కోతల్లో లెక్క వేరు. ఫ్యాన్లు, లైట్లు, టీవీ కలిపి 240 వాట్లు అనుకోండి. ఇన్వర్టర్ నష్టంతో కలిపి బ్యాటరీ నుంచి సుమారు 25 ఆంప్స్ లాగుతుంది. రెండు గంటల కోతకి 50 ఏహెచ్ ఖర్చు. తీసినదానికి ఇంకో 15-20 శాతం కలిపి తిరిగి పొయ్యాలి, అంటే దాదాపు 60. 10 ఆంప్స్‌తో ఆరు గంటలు, ఆపైన నెమ్మదిగా నిండే చివరి దశ. ఈలోపు మళ్లీ కోత. రోజూ అరకొరగా నిండే బ్యాటరీలో సల్ఫేట్ గట్టిపడిపోతుంది, తర్వాత ఎంత ఛార్జి చేసినా పూర్తిగా కరగదు.

హైడ్రోమీటర్:
ఇద్దరూ ఆంప్స్ దగ్గరే ఆగిపోయారు. ఖాళీ బ్యాటరీ 15, 20 ఆంప్స్ హాయిగా తాగేస్తుంది, అప్పుడు బుడగలు పెద్దగా రావు. సెల్‌కి 2.4 వోల్టులు, అంటే ఆరు సెల్స్‌కి మొత్తం 14.4 చేరాక ఇంకా తోస్తే ఆ కరెంటు నీటిని విడగొట్టడానికే పోతుంది. అందుకే మీటరు పెట్టి చూడాల్సింది వోల్టేజీ. ఏహెచ్‌లో పదో వంతు, అంటే 15 ఆంప్స్, ఎవరికైనా చెప్పొచ్చు. బ్యాటరీ లేబుల్ ఒప్పుకుంటే 20 కూడా పర్లేదు, బూస్ట్ (వేగంగా నింపే దశ) 14.4 దగ్గర ఆగి తర్వాత ఫ్లోట్ (నిండాక అలాగే నిలిపే దశ) 13.7 ప్రాంతానికి దిగితేనే. దిగని ఇన్వర్టర్ 10 ఆంప్స్‌తోనూ బ్యాటరీని ఉడకబెడుతుంది.

ఇంకోటి, ఆ అంకెలు 25 డిగ్రీలకి. మెట్ల కింద గూట్లో 40 ఉంటే డిగ్రీకి, సెల్‌కి 3 మిల్లీవోల్టుల చొప్పున తగ్గాలి. 3×6×15, అంటే 0.27 వోల్టు. బూస్ట్ 14.1, ఫ్లోట్ 13.4 అన్నమాట.

నిదానమే_ప్రధానం:
ఒప్పుకుంటాను, సగం వరకే. ఉష్ణోగ్రత సెన్సర్ లేని ఇన్వర్టర్‌లో వోల్టేజీ తగ్గించే మీట ఏది? ఇంటివాళ్ల చేతిలో ఉన్నది ఆ స్విచ్ ఒక్కటే. కోతలు లేని నెలల్లో 10కి దించితే తప్పేంటి?

హైడ్రోమీటర్:
తప్పు లేదండీ, లాభమూ తక్కువే. ఫ్లోట్‌లో మంచి బ్యాటరీ తీసుకునేది ఒక ఆంప్ లోపే. స్విచ్ ఎక్కడున్నా అంతే. దానికి బదులు బ్యాటరీని గూట్లోంచి గాలి ఆడే చోటికి జరపండి. ఛార్జింగ్‌లో నీరు విడిపోయి పుట్టే హైడ్రోజన్ కూడా బయటికి పోవాలి.

కోత_వేళలు:
స్విచ్ మీది అంకెనీ నమ్మొద్దు. లైన్ వోల్టేజీ 170కి పడితే కొన్ని పాత ఇన్వర్టర్లు రాసినదాంట్లో సగం కూడా ఇవ్వవు. కరెంటు వచ్చిన పావుగంటకి బ్యాటరీ వైరు మీద క్లాంప్ మీటర్ పెట్టండి. డీసీ కొలిచేదే కావాలి, మామూలు ఏసీ క్లాంప్ పనికిరాదు.

బ్యాటరీ_మార్పు:
ఇదే స్విచ్‌తో 12.8 వోల్టుల లిథియం ఫాస్ఫేట్ పెట్టొచ్చా?

హైడ్రోమీటర్:
14.6 దాటకూడదు, 14.2 చాలు. ట్యూబులర్ మోడ్‌లో ఈక్వలైజ్ (సెల్స్ అన్నిటినీ సమంగా నింపడం) కోసం 15 దాకా ఎక్కించే ఇన్వర్టర్ అయితే వద్దు. ప్రతిసారీ బీఎంఎస్ (లిథియం బ్యాటరీలోని రక్షణ సర్క్యూట్) అడ్డుపడి ఆపుతుందిలే అనుకోవడం ఛార్జింగ్ పద్ధతి కాదు.

నిదానమే_ప్రధానం:
ట్యూబులర్ నిండిందని తేల్చేది ఆసిడ్ గ్రావిటీ (సాంద్రత) యేగా? అదెంత రావాలి?

హైడ్రోమీటర్:
చాలా ట్యూబులర్లకి 27 డిగ్రీల దగ్గర 1.240. వేడి ఆసిడ్ తక్కువ చూపిస్తుంది, ప్రతి డిగ్రీకి 0.0007 కలపండి. 41 డిగ్రీల్లో 1.230 వస్తే నిండినట్టే. నీళ్లు పోసిన వెంటనే కొలవొద్దు, బాగా కలిసేదాకా ఆగండి. ఆరు సెల్స్‌లో ఒక్కటే 1.200 దగ్గర ఉండిపోతే ఆ సెల్ పని అయిపోవచ్చింది, స్విచ్ ఎటు తిప్పినా లేవదు.