సినిమాలో మృగం తెర మీదికొచ్చాక బీజీఎం (నేపథ్య సంగీతం) ఉండాలా, ఆపాలా?

మిక్సింగ్_కృష్ణానగర్:
మృగం ఎంట్రీ షాట్ అనగానే డ్రమ్స్, బ్రాస్ (బాకాలు), కోరస్ అన్నీ ఒకేసారి దించుతున్నారు. నన్నడిగితే మృగం కనబడేదాకానే సంగీతం, కనబడ్డాక గొంతు దానిదే. గర్జన బరువు ఎక్కువగా కింది ఫ్రీక్వెన్సీల్లో, అంటే లోతైన మోతలోనే ఉంటుంది. పెద్ద డ్రమ్ములదీ అదే చోటు. రెండూ కలిస్తే గర్జన పెరగదు, ముద్దయిపోతుంది. ‘జురాసిక్ పార్క్’ (1993)లో టీ-రెక్స్ కంచె దాటి కార్ల మీద పడే సీన్‌కి నేపథ్య సంగీతమే లేదు. వాన చప్పుడు, రేకు నలిగే చప్పుడు, దాని ఊపిరి. ఇంకేం కావాలి?

కోఠి_కీబోర్డ్:
అన్నా, అక్కడ కుదిరింది, ఒప్పుకుంటా. దాన్నే రూల్ చేస్తే ఎట్లా? 1954 గాడ్జిల్లా గర్జన పుట్టిందే వాద్యంలోంచి. డబుల్ బేస్ (వయొలిన్ లాంటి పెద్ద వాద్యం) తీగలు వదులు చేసి, రెజిన్ (చెట్టు బంక) రాసిన తోలు గ్లవ్‌తో రుద్ది, ఆ టేపును నెమ్మదిగా తిప్పిన్రు. చేయించింది సంగీత దర్శకుడు ఇఫుకుబే అకిరానే. ఇగ సంగీతమేది, శబ్దమేది?
‘జాస్’ (1975) చూడు. షార్క్ బొమ్మ మాటిమాటికీ మొరాయిస్తే తెర మీద దాని పని చేసింది రెండు స్వరాలే. పిల్లలిద్దరు అట్ట రెక్కతో జనాన్ని బెదిరించే సీన్‌లో మాత్రం ఆ స్వరాలు రావు. సంగీతం అబద్ధం చెప్పలేదు కాబట్టే తర్వాత అది మోగినప్పుడల్లా జనం నమ్మిన్రు.

బాల్కనీ_క్రాస్‌రోడ్స్:
ఇద్దరూ హాలును మర్చిపోతున్నారు. మిక్స్ చేసేది ఫేడర్ (హాలు సౌండ్ పెంచి తగ్గించే మీట) 7 మీద ఉందనుకుని. సినిమా మొదటి నుంచీ మోత మోగితే జనం చెవులు మూసుకుంటారు, ఆపరేటర్ 5కి దించుతాడు. అంటే దాదాపు 7 డెసిబెల్స్ పోయినట్టే. అప్పుడు కృష్ణానగర్ గారు చెప్పిన ఊపిరి ఏసీ హోరులో కలిసిపోతుంది. సీన్ ఖాళీగా ఉందనుకుని వెనక నుంచి ఈలలు మొదలవుతాయి.

మిక్సింగ్_కృష్ణానగర్:
అందుకే కదండీ ముందు రీళ్లలో మోత తగ్గించమనేది! కోఠి తమ్ముడూ, డ్రమ్స్, స్ట్రింగ్స్, కోరస్ విడివిడి స్టెమ్స్‌గా, అంటే దేనికదే వేరే ట్రాకుగా ఇవ్వు. గర్జనకు 12 ఫ్రేముల ముందు, అంటే అర సెకను ముందే డ్రమ్స్ తెంపేస్తా. పైస్థాయి వయొలిన్లు ఉంచుతా. గర్జన చివరి మోత ఆగాక నీ బ్రాస్ రానీ. అన్నీ కలిపేసిన ఒక్క స్టీరియో ఫైలు పంపితే మాత్రం మొత్తం మ్యూట్ చేయడం తప్ప దారి లేదు.

కోఠి_కీబోర్డ్:
స్టెమ్స్ ఇస్తా. కోరస్ మాత్రం ఆపొద్దు అన్నా, అది గర్జనకు చానా పైన ఉంటది.