నోషనల్ ప్రమోషన్ ఇచ్చి ఎరియర్స్ ఎగ్గొట్టారు, ఇప్పుడేం చేయాలి?

బీరువా వెనక ఫైలు:
అందరికీ నమస్కారం. ఒక జిల్లా ఆఫీసులో సూపరింటెండెంట్‌ని. రిటైర్మెంటుకి ఇంకో 14 నెలలుంది.

2015లో నాకు ఛార్జ్ మెమో (అభియోగ పత్రం) ఇచ్చారు. ఒకాయన గ్రాట్యుటీ ఫైలు నా సీట్లోనే మాయమైందని. 2016 ప్రమోషన్ల ప్యానెల్‌లో నన్ను పక్కన పెట్టి, నా తర్వాతి ఆయనకి సూపరింటెండెంట్ ఇచ్చారు. ఆయనకి నోట్ రాయడం నేర్పింది నేనే. తర్వాత నాలుగున్నరేళ్లు నేను ఫైలు పెట్టడం, ఆయన సంతకం పెట్టడం. మనిషి మంచివాడే. "అక్కా, మీరు చూశారుగా, ఇంక నేనేం చూస్తాను" అనేవాడు. ఆ మాట వింటే ఇంకా కష్టంగా ఉండేది.

2020లో ఆఫీసుకి సున్నం వేయిస్తూ పాత ఇనుప బీరువా జరిపితే, దాని వెనక గోడకి ఆనుకుని ఆ ఫైలు కనబడింది. ఎలుకలు ఒక మూల కొరికాయి, అంతే. అభియోగాలు రుజువు కాలేదని డ్రాప్ చేశారు. 2021 జనవరిలో ప్రమోషన్ ఆర్డర్ వచ్చింది. జూనియర్ తేదీ నుంచి నోషనల్ (కాగితం మీద మాత్రమే) అట, డబ్బు మాత్రం ఛార్జ్ తీసుకున్న రోజు నుంచి అట. ఆ ఏడాదే రిప్రజెంటేషన్ పెట్టాను. 2023లో రెండు లైన్ల ఎండార్స్‌మెంట్ ఇచ్చారు, ఎఫ్.ఆర్. (ఫండమెంటల్ రూల్స్) 17(1) ప్రకారం వీలు కాదని. తర్వాత రెండు రిమైండర్లు పెట్టినా ఉలుకూ పలుకూ లేదు.

నా లెక్క ప్రకారం లక్షన్నర దాకా రావాలి. "దానికోసం కోర్టుకెక్కుతావా" అంటున్నారు మా వారు. నిజంగా రూలు అంతేనా?

పాత అకౌంట్స్ మనిషి:
మేడం, ఎఫ్.ఆర్. 17(1) చెప్పేది ఒక్కటే, పోస్టులో చేరిన రోజు నుంచి ఆ పోస్టు జీతం అని. మామూలు కేసులకి అది సరిపోతుంది. మీది మామూలు కేసు కాదు. 1991లో సుప్రీంకోర్టు జానకిరామన్ కేసులో దీని మీదే తీర్పిచ్చింది. పని చేయడానికి ఉద్యోగి సిద్ధంగా ఉన్నా, తన తప్పేమీ లేకుండా ఆఫీసువాళ్లే పనికి దూరం పెడితే, పని లేదు కాబట్టి జీతం లేదు అనే సూత్రం వర్తించదంది. సెన్షూర్ (మందలింపు) కూడా లేకుండా పూర్తిగా నిర్దోషి అని తేలినవాళ్ల సంగతి ఇది.

అలాగని ఎరియర్స్ ఆటోమేటిగ్గా వచ్చేయవు. ఎంక్వైరీ ఆలస్యానికి ఉద్యోగే కారణమా, సంశయ లాభం కింద బయటపడ్డాడా అని చూసి, అధికారి కొంతో మొత్తమో ఆపవచ్చు. కానీ ఎందుకు ఆపారో కారణం రాయాలి. మీ ఆర్డర్లో ఉందా కారణం? మీరు చెప్పినదాన్ని బట్టి లేదు. నేనైతే ఆ ఒక్క పాయింటునే పట్టుకుంటాను.

రెండు సంగతులు చెప్పండి. డ్రాప్ చేసిన ఆర్డర్లో "ఇకపై జాగ్రత్తగా ఉండాలి" లాంటి తోక ఏమైనా ఉందా? ఎంక్వైరీలో మీరు వాయిదాలు అడిగారా?

గుంటూరు గుమాస్తా:
రిమైండర్లు మాత్రం ఆపేయండి మేడం. రిప్రజెంటేషన్లు పెడుతూ పోతే గడువు పెరగదు. 2008లో సి. జాకబ్ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చేసింది, పాత క్లెయిముకి కొత్తగా జవాబు వచ్చినంత మాత్రాన అది కొత్తదైపోదని. ఆలస్యం ఇప్పటికే మీకు ఎదురు తిరిగేలా ఉంది. హైకోర్టులో సర్వీసు కేసులు చూసే లాయర్‌ని ఈ నెలలోనే కలవండి. లక్షన్నరలో ఫీజు ఎంత పోతుందో ముందే మాట్లాడుకోండి, మీ వారు అన్నదాంట్లోనూ న్యాయం ఉంది.

బీరువా వెనక ఫైలు:
తోక లేదు సార్, ఇప్పుడే ఆర్డర్ తీసి మళ్లీ చదివాను. వాయిదాలంటే, మా అమ్మాయి కాన్పుకి ఒకసారి అడిగాను, నాకు టైఫాయిడ్ వచ్చి ఇంకోసారి. రెండూ కలిపి నెలన్నర. మిగతాదంతా ఎంక్వైరీ ఆఫీసర్లు బదిలీ అవడంతోనే సరిపోయింది, మొత్తం ముగ్గురు మారారు.

పాత అకౌంట్స్ మనిషి:
అయితే ఆ నెలన్నరని మీరే ముందు చెప్పేయండి, దాచొద్దు. ముగ్గురు ఆఫీసర్ల తేదీలు ఒక కాగితం మీద వరసగా రాసి లాయర్‌కి ఇవ్వండి.

దానికంటే ముందు డ్యూ-డ్రాన్ (రావలసింది, తీసుకున్నది పోల్చే) స్టేట్‌మెంట్ వేయండి. మీకు ఒకే పోస్టులో అన్నేళ్లు ఉన్నందుకిచ్చే 12 ఏళ్ల స్కేలో 18 ఏళ్ల స్కేలో మధ్యలో వచ్చి ఉంటే అసలు తేడా మీరనుకున్నదానికంటే తగ్గుతుంది. నా సర్వీసులో చాలామంది ఇక్కడే బోల్తా పడ్డారు, లక్షలు అనుకుని వస్తే చివరికి వేలల్లో తేలేది. నోషనల్ తేదీ నుంచి ఇంక్రిమెంట్లు సరిగ్గా పడి ఇప్పటి బేసిక్ నిలిచిందా? అది ఎస్సార్‌లో (సర్వీసు రిజిస్టర్‌లో) చూసుకోండి. పెన్షన్ దాని మీదే కట్టేది, ఎరియర్స్ కంటే నాకు అదే ముఖ్యం.

లైన్లో ఉన్నవాణ్ణి:
మధ్యలో వస్తున్నందుకు ఏమనుకోకండి. మాకు ప్యానెలే రెండేళ్లు ఆలస్యంగా వేశారు. నాకూ ఎరియర్స్ వస్తాయా?

గుంటూరు గుమాస్తా:
మీకంటే జూనియర్ ఎవరైనా ముందు వెళ్లారా?

లైన్లో ఉన్నవాణ్ణి:
లేదండి, అందరం కలిసే ఆగాం.

గుంటూరు గుమాస్తా:
అయితే కష్టం. అందరికీ ఒకేలా ఆలస్యమైతే "నన్నొక్కణ్ణే ఆపారు" అనే వాదన నిలబడదు. మేడంగారి కేసుకి బలం ఆ "అక్కా" అన్న జూనియరే.

బీరువా వెనక ఫైలు:
స్టేట్‌మెంట్ వేశాను సార్. మీరన్నట్టే మధ్యలో స్కేలు వచ్చింది, మర్చిపోయాను. లక్షన్నర కాదు, 83 వేలు. మా వారికి ఇంకా చెప్పలేదు. సోమవారం లాయర్ దగ్గరికి వెళ్తున్నాను.

పాత అకౌంట్స్ మనిషి:
వెళ్లండి. డబ్బు చేతికొస్తే ఆ ఏడాది రిటర్న్ వేసేముందు ఎరియర్స్ రిలీఫ్ ఫారం (పాత ఆదాయపన్ను చట్టంలో ఫారం 10ఈ) వేయడం మర్చిపోకండి, పాత ఏళ్ల జీతం ఒకేసారి వస్తే పన్ను ఎక్కువ పడకుండా రిలీఫ్ (పాత చట్టంలో సెక్షన్ 89) దొరుకుతుంది. ఆ ఎలుకలు కొరికిన ఫైలు కాపీ ఒకటి తీసి దగ్గర పెట్టుకున్నారా లేదా?