సుక్స్‌డార్ఫ్ సినిమాలు: ఒకే షోలో రెండు రకాల ఫ్రేములు ఎలా?

స్వీడిష్ డాక్యుమెంటరీ దర్శకుడు ఆర్నె సుక్స్‌డార్ఫ్ 35 ఎంఎం ప్రింట్లు వరసగా వేయాలి. 1947 నాటి స్టాక్‌హోమ్ లఘుచిత్రం (1949లో ఆస్కార్ గెలిచింది ఇదే) 1.37 ఫ్రేమ్, అంటే బొమ్మ వెడల్పు ఎత్తుకు 1.37 రెట్లు. ప్రొజెక్టర్ గేటులో బొమ్మ అంచులు కత్తిరించే 1.85 ప్లేటుతో వేస్తే పైనా కిందా కలిపి పావు వంతు బొమ్మ పోతుంది, తలలు తెగుతాయి. 1957లో వచ్చిన బస్తర్ సినిమా అగాస్కోప్, అంటే వెడల్పు తెర కోసం బొమ్మను అడ్డంగా సగానికి నొక్కి తీసింది. మామూలు లెన్సుతో చూస్తే అందులోని మురియా గిరిజన పిల్లాడు చెండ్రు వెదురుబొంగులా కనిపిస్తాడు.

దీనికి నొక్కిన బొమ్మను మళ్లీ వెడల్పు చేసే మామూలు సినిమాస్కోప్ లెన్సు సరిపోతుందా? అంచుల్లో ఫోకస్ జారుతుందా? లెన్సు, గేటు ప్లేటు, తెర మాస్కు (తెర అంచులు కప్పే నల్ల గుడ్డ) మూడూ మార్చడానికి ఎంత విరామం ఇవ్వాలి? పది నిమిషాలు దాటితే జనం టీకి పోయి తిరిగి రారు. ఇలా మార్చి మార్చి వేసిన ఆపరేటర్లు ఎవరైనా ఉంటే చెప్పండి.