పుట్టుకతోనే యూదులమని నమ్మేవాళ్ళు మళ్ళీ ‘మతం మారాలా’?

చేబ్రోలు_కుర్రాడు:
అందరికీ నమస్కారం. చాలా రోజులుగా లోపల నలుగుతున్న విషయం ఇది. గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిమ్ అనే చిన్న సమాజం ఉందని మీలో కొందరికి తెలిసే ఉంటుంది. తెలుగు మాట్లాడే యూదులం. 1990ల మొదట్లో అక్కడ సినగాగ్, అంటే యూదుల ప్రార్థనా మందిరం, మొదలైంది. అంతకుముందు మా పెద్దవాళ్ళు బాప్టిస్టులు. కులం మాదిగ. క్రీస్తుపూర్వం 722 ప్రాంతంలో అష్షూరు వాళ్ళు చెరపట్టుకుపోయిన పది గోత్రాల్లో ఎఫ్రాయిము ఒకటి, ఆ సంతతి మేమేనని మా పెద్దల నమ్మకం. మా నాన్న శుక్రవారం పొద్దుగూకిందంటే శనివారం చీకటి పడేదాకా పనికి వెళ్ళడు. కూలి పోయినా సరే.

క్రితం ఏడాది పండక్కి విదేశం నుంచి ఒక అతిథి వచ్చారు. సామూహిక ప్రార్థనకి కనీసం పదిమంది మగవాళ్ళు ఉండాలి, దాన్ని మిన్యన్ అంటారు. మేం ముప్పై మంది దాకా కూర్చుని ఉన్నాం. ఆయన చుట్టూ ఒకసారి చూసి, మిన్యన్ లేదు కాబట్టి కొన్ని ప్రార్థనలు వదిలేద్దాం అన్నారు. మా నాన్న నా పక్కనే ఉన్నాడు. ఆయన ముఖం నేను మర్చిపోలేను.

మీరు గియూర్ చేయించుకుంటే, అంటే పద్ధతి ప్రకారం మతం మారితే, అందరూ ఒప్పుకుంటారని తర్వాత నచ్చజెప్పారు. అసలు మారాల్సిన అవసరం ఏమిటి? ఇంట్లో ఉన్నవాణ్ణి బయటికి వెళ్ళి తలుపు కొట్టి రమ్మన్నట్టు లేదా?

రూతు_అడుగుజాడ:
చదివి మనసు బాధపడింది. ఆ అతిథి మాట్లాడిన తీరు తప్పు. కానీ గియూర్ గురించి మీరు అనుకుంటున్నది సరికాదు. నేను కాకినాడ పిల్లని, హిందూ కుటుంబంలో పుట్టాను, ఇప్పుడు న్యూజెర్సీలో ఉంటాను. 6 ఏళ్ళ క్రితం యూదు మతం తీసుకున్నాను.

ఎవరూ నన్ను రమ్మని పిలవలేదు. వచ్చినవాళ్ళని మొదట వెనక్కి పంపడం వాళ్ళ ఆనవాయితీ. ‘ఈ జనం పడిన బాధలు తెలుసా, తెలిసే వస్తున్నావా’ అని అడగాలని వాళ్ళ ధర్మగ్రంథం తాల్ముద్‌లోనే ఉంది. రెండేళ్ళు చదివాను. హీబ్రూ అక్షరాలు నేర్చుకున్నాను, వంటిల్లు మొత్తం మార్చాను. ముగ్గురు కూర్చునే బేత్ దీన్, అంటే మత న్యాయసభ, ముందు గంటసేపు జవాబులు చెప్పాను. తర్వాత మిక్వె అనే స్నాన కొలనులో మూడు మునకలు. బయటికి వచ్చేసరికి ‘బత్ అవ్రాహాం’ అని, అబ్రాహాము కూతురిని అని పేరు పెట్టారు. నా జీవితంలో అంత గౌరవం ఎప్పుడూ దొరకలేదు. రూతు మోయాబు స్త్రీ. యూదురాలైన అత్త నయోమి వెనక్కి వెళ్ళమంటున్నా వినకుండా వెంట వచ్చింది. దావీదుకి ముత్తవ్వ అయింది. మారడం అవమానం అయితే దావీదు వంశం మొత్తం అవమానంలోంచే వచ్చినట్టు.

కాలువగట్టు:
మిక్వె అంటే కోనేరు లాంటిదా? మన కృష్ణా కాలువలో మునిగితే చెల్లదా?

రూతు_అడుగుజాడ:
సహజంగా చేరిన నీళ్ళు కావాలి. వాననీళ్ళు, ఊట నీళ్ళు. సముద్రం ఎప్పుడైనా చెల్లుతుంది. వాళ్ళకి బాపట్ల సూర్యలంక దగ్గరే కదా. నీళ్ళది సమస్య కాదండీ, ఒడ్డున సాక్షిగా నిలబడే ముగ్గురు ఎవరన్నదే సమస్య.

చేబ్రోలు_కుర్రాడు:
అక్కా, రూతు మోయాబు స్త్రీ. తను బయటినుంచి వచ్చానని తనకి తెలుసు. మీకూ తెలుసు. మేం బయటివాళ్ళం కాదు అనేదే మా మాట. మీ అనుభవం మా మీద ఎలా పెడతారు?

లాయర్_బాబాయ్:
ఒక ముఖ్యమైన సంగతి. 1950 నాటి ఉత్తర్వు ప్రకారం ఎస్సీ హోదా మొదట హిందువులకే. 1956లో సిక్కుల్ని, 1990లో బౌద్ధుల్ని చేర్చారు. ఎస్సీలు క్రైస్తవంలోకి వెళ్తే మన రాష్ట్రంలో బీసీ-సి, 1 శాతం. యూదులు ఆ జాబితాలో ఎక్కడా లేరు. కేంద్రం గుర్తించిన ఆరు మైనారిటీల్లో కూడా లేరు. మహారాష్ట్ర లాంటి కొన్ని రాష్ట్రాలు మాత్రం రాష్ట్ర స్థాయిలో ఇచ్చాయి, మహారాష్ట్ర 2016లో ఇచ్చింది. కాగితం మీద గియూర్ చేయించుకునే ముందు పిల్లల చదువుల గురించి ఆలోచించండి.

ఒంగోలు_బాప్టిస్టు:
తమ్ముడూ, నేను కూడా మీవాణ్ణే, మాదిగల బిడ్డని. అందుకే సూటిగా అడుగుతున్నా. 1878 జూలై 3న ఒంగోలు మిషన్ వాళ్ళు ఒక్కరోజులో 2,222 మందికి బాప్తిస్మం ఇచ్చారు. గుండ్లకమ్మ ఏట్లో. ఎక్కువమంది మనవాళ్ళే. మా ముత్తాత తండ్రి ఆ రోజు ఆ నీళ్ళలో ఉన్నాడని మా ఇంట్లో చెప్పుకుంటారు. కరువు కాలం, ఊళ్ళో బావి దగ్గరికి కూడా రానివ్వని కాలం. ఆ ఏట్లో మునిగి లేచాక మనుషులమయ్యాం అనుకున్నారు. ఇప్పుడు మీరు అది కాదంటున్నారు, ఇంకో నీళ్ళు కావాలంటున్నారు. ఒక మాదిగ కుటుంబం ఎన్నిసార్లు మునగాలి తమ్ముడూ?

చేబ్రోలు_కుర్రాడు:
అన్నా, నేను కూడా మళ్ళీ మునగనక్కర్లేదనే కదా అంటున్నా.

ఒంగోలు_బాప్టిస్టు:
లేదు. నువ్వు మొదటి మునకని వదిలేశావు. మా అన్నయ్య కూడా మీలాగే ఇంకో ఊళ్ళో ఇలాంటి గుంపులో కలిశాడు. అమ్మ పోయినప్పుడు వచ్చాడు గానీ, సమాధి మీద సిలువ ఉందని నాలుగు అడుగుల దూరంలో ఆగిపోయాడు. మట్టి వేయలేదు. ఆవిడ వీడి ఫీజుల కోసం మిరప కోతలకి వెళ్ళిన మనిషి. మీ గోత్రాల చరిత్ర నిజమో కాదో నాకు తెలియదు. ఆ నాలుగు అడుగులు మాత్రం నా కళ్ళతో చూశాను.

హైఫా_నర్సింగ్:
నేను జగిత్యాల నుంచి వచ్చి ఇక్కడ ఇజ్రాయెల్‌లో ముసలివాళ్ళని చూసుకునే పని చేస్తున్నాను. మా పక్కింటి పెద్దాయన ఇథియోపియా యూదుడు. 1984-85లో విమానాల్లో తీసుకొచ్చిన వాళ్ళలో ఒకాయన. వాళ్ళు యూదులేనని 1973లోనే ఇక్కడి పెద్ద రబ్బీ, అంటే పెద్ద మతగురువు, ఒవాడియా యోసెఫ్ తీర్పు చెప్పాడు. అయినా వచ్చాక, అనుమానం పోవడానికి నీళ్ళలో మునగండి అని ఇక్కడి రబ్బీల అధికార సంస్థ రబ్బినేట్ పట్టుబట్టింది. 1985లో వాళ్ళు యెరూషలేములో రబ్బినేట్ ఆఫీసు ముందు వారాల తరబడి కూర్చున్నారు. ఈ పెద్దాయన కూడా కూర్చున్నాడట. తర్వాత కొంతమంది మునిగారు, ఈయన మునగలేదు. ఇప్పటికీ ఆ మాట వస్తే చెయ్యి వణుకుతుంది. చేబ్రోలు తమ్ముడి బాధ నాకు అర్థమవుతోంది.

రూతు_అడుగుజాడ:
ఇథియోపియా వాళ్ళకి వందల ఏళ్ళ ఆచారం ఉంది, రాతప్రతులు ఉన్నాయి. మన దేశం ఉదాహరణలే చూద్దాం. బొంబాయి బెనె ఇజ్రాయెల్ యూదుల పెళ్ళిళ్ళ విషయంలో రబ్బినేట్ అనుమానం పెట్టుకుంటే వాళ్ళు పోరాడారు, 1964లో గెలిచారు. వాళ్ళది తరతరాలుగా కనబడే ఆచారం. మిజోరాం, మణిపూర్ బ్నేయ్ మెనషే వాళ్ళ విషయం వేరు. 2005లో ప్రధాన రబ్బీ ష్లోమో అమార్ వాళ్ళు ఇశ్రాయేలు సంతతేనని ఒప్పుకుంటూనే గియూర్ చేయించుకోవాలన్నాడు. వాళ్ళు చేయించుకున్నారు. వేలమంది ఇజ్రాయెల్ వెళ్ళారు. ఎవరూ చిన్నబోలేదు. బెనె ఎఫ్రాయిమ్ వాళ్ళు ఆ దారిలో వెళ్తే తప్పేంటి? 30 ఏళ్ళ ఆచారాన్ని పట్టుకుని 2,700 ఏళ్ళ హక్కు అడిగితే ఎవరు ఒప్పుకుంటారు?

చేబ్రోలు_కుర్రాడు:
ఎవరూ చిన్నబోలేదని మీకెలా తెలుసు? మీరు వాళ్ళని అడిగారా?

రాతప్రతులు ఉన్నాయా అని అడుగుతున్నారు. మాదిగవాడలో రాతప్రతులా అక్కా? మా తాత వేలిముద్ర మనిషి. మమ్మల్ని చదవనివ్వకపోవడం ఒకరి పని, చదివిన కాగితం లేదనడం ఇంకొకరి పని.

కాలువగట్టు:
బ్నేయ్ మెనషే వాళ్ళకి మిజోరాంలోనే చేశారా, ఇజ్రాయెల్‌లోనా?

రూతు_అడుగుజాడ:
2005లో రబ్బీలు మిజోరాం వచ్చి కొంతమందికి చేశారు. మన ప్రభుత్వం అభ్యంతరం చెప్పడంతో ఇక్కడ ఆపేశారు.

చేబ్రోలు గారూ, నా మాట కటువుగా ఉంటే క్షమించండి. కాగితం రక్తాన్ని నిరూపిస్తుందని నేను అనడం లేదు. రక్తం అవసరమే లేదంటున్నాను. 12వ శతాబ్దంలో ఓబద్యా అనే మతం మారిన మనిషి గొప్ప యూదు పండితుడు మైమోనిడీస్‌ని అడిగాడు, ప్రార్థనలో ‘మా పితరుల దేవా’ అని నేను అనవచ్చా అని. తప్పకుండా అను, అబ్రాహాము నీకూ తండ్రే, నీకూ మాకూ ఏ తేడా లేదు అని జవాబు రాశాడు. ఆ జవాబు చదివి నేను ఏడ్చాను. మీరు ఎఫ్రాయిము మనవలు కాకపోయినా పర్వాలేదని చెప్పే మతం ఇది. అంత గొప్ప తలుపు తెరిచి ఉంటే, గోత్రం గోత్రం అని ఎందుకు గోడ పట్టుకుంటారు?

ఒంగోలు_బాప్టిస్టు:
ఏ తేడా లేదా? నిజాయితీగా చెప్పండి. మతం మారి వచ్చిన స్త్రీని కోహెన్, అంటే యాజక వంశంవాడు, పెళ్ళి చేసుకోవచ్చా?

రూతు_అడుగుజాడ:
సంప్రదాయ హలాఖా, అంటే యూదు ధర్మశాస్త్రం, ప్రకారం కుదరదు. అది యాజకులకు ఉన్న ప్రత్యేక నియమం. విడాకులు తీసుకున్న స్త్రీని కూడా చేసుకోకూడదు. అది చిన్నచూపు కాదు.

ఒంగోలు_బాప్టిస్టు:
పుట్టుక చూసి పెళ్ళి వద్దంటే మా ఊళ్ళో దాన్ని కులం అంటారు అమ్మా. ఇంకో పేరు లేదు.

రూతు_అడుగుజాడ:
ప్రతిదాన్నీ కులం చేయకండి! నేను ఈ మతం కోసం ఎంత వదులుకున్నానో మీకు తెలుసా? మా అమ్మ నాలుగేళ్ళు ఫోన్ ఎత్తలేదు. చెల్లి పెళ్ళికి పిలవలేదు. నాది కన్సర్వేటివ్ అనే యూదు శాఖ బేత్ దీన్ కాబట్టి ఇజ్రాయెల్ పౌరసత్వానికి పనికొస్తుంది గానీ, అక్కడి యూదుల పెళ్ళిళ్ళు చూసే రబ్బినేట్ నన్ను యూదురాలిగా ఒప్పుకోదు. రేపు నా కూతురికి కూడా ఇదే బాధ. అయినా ఎవరినీ నిందించలేదు, మళ్ళీ చదువుకుని, పాత నియమాలు గట్టిగా పాటించే ఆర్థడాక్స్ శాఖ బేత్ దీన్ ముందు నిలబడడానికి సిద్ధంగా ఉన్నాను.

చేబ్రోలు_కుర్రాడు:
అక్కా, మీ అమ్మగారి విషయం చదివి బాధేసింది. నిజంగానే. కానీ ఇప్పుడు నాకు అర్థమైంది మనిద్దరికీ ఎక్కడ కుదరడం లేదో. మీకు వదులుకోవడానికి ఏదో ఉంది. ఇల్లు, పేరు, ఊళ్ళో గౌరవం. దాన్ని వదిలి వచ్చారు కాబట్టి ‘మారడం’ మీకు త్యాగం. మా తాతకి వదులుకోవడానికి ఏముంది? ఆయన్ని హిందువులు తమవాడనలేదు. చర్చిలో కూడా వేరే కులం క్రైస్తవులు పిల్లనివ్వలేదు. మొట్టమొదటిసారి మా నాన్నకి ‘నువ్వు ఎవరి దయవల్లా రాలేదు, నీకు ముందునుంచే ఒక పేరుంది’ అని ఎవరో చెప్పారు. ఆ ఒక్క మాట మీదే మనిషి తలెత్తి నడిచాడు. గియూర్ అంటే ఆ మాట వెనక్కి ఇచ్చేయమనడం. నువ్వు ఎవరూ కాదు, ఇప్పుడు మేం చేస్తే అవుతావు అనడం. ఇది మాకు వేలసార్లు చెప్పారు, అన్ని మతాలవాళ్ళూ చెప్పారు.

ఒంగోలు_బాప్టిస్టు:
ఈ ముక్క మొదటే రాసి ఉంటే నేను అంత కోపంగా మాట్లాడేవాణ్ణి కాదు తమ్ముడూ. చర్చిలో పిల్లనివ్వని సంగతి నిజం. మా ఇంట్లో కూడా జరిగింది. నేను మాత్రం చర్చిలోనే ఉండి పోట్లాడతాను. వదిలిపోవడం ఒప్పుకోను.

మోడరేటర్:
వ్యక్తిగత దూషణతో ఉన్న 3 పోస్టులు తీసేశాను. ఇశ్రాయేలు రాజకీయాలకి వేరే చర్చ ఉంది, అక్కడ రాయండి.

లాయర్_బాబాయ్:
సర్టిఫికెట్ సంగతి ఎవరూ పట్టించుకోలేదు. పిల్లలున్నవాళ్ళు దయచేసి ఆలోచించండి.

చేబ్రోలు_కుర్రాడు:
లాయర్ గారూ, ఆలోచిస్తున్నాం. నా చెల్లెలు ఇంటర్ చదువుతోంది.

ఈ చర్చ మొత్తం నిన్న రాత్రి నాన్నకి చదివి వినిపించాను. చాలాసేపు ఏమీ అనలేదు. నేను మునగను, నా తండ్రి దేవుణ్ణి కొత్తగా ఒప్పుకునేదేముంది అన్నాడు. కాసేపటికి, నీకు చదువుంది, నీకు చేయించుకోవాలనిపిస్తే చేయించుకో, సూర్యలంకకి నేనూ వస్తాను, ఒడ్డున తువ్వాలు పట్టుకుని నిలబడతాను అన్నాడు.

రూతు_అడుగుజాడ:
మీ నాన్నగారికి నా నమస్కారాలు చెప్పండి. కాగితాల గురించి అన్న మాట నేను వెనక్కి తీసుకుంటున్నాను. గియూర్ అవమానం కాదన్న మాట మాత్రం తీసుకోను.

ఒక్కటి అడుగుతాను, కోపం తెచ్చుకోకండి. మీరొక్కరే చేయించుకుంటే ఆ తర్వాత వచ్చే అతిథి మిమ్మల్ని మిన్యన్‌లో లెక్కపెడతారు. పక్కన కూర్చున్న మీ నాన్నగారిని పెట్టరు. అది మీరు తట్టుకోగలరా?

చేబ్రోలు_కుర్రాడు:
రాత్రి నిద్ర పట్టనిది దాని గురించేనక్కా.