ఆటవెలది సమస్య: చావు తోడు రాఁగఁ జావలేదు

నిర్వాహకుడు:
వాల్ కిల్మర్ 2025 ఏప్రిల్ 1న పోయినప్పటి నుంచి 1993 నాటి టూంబ్‌స్టోన్ చిత్రాన్ని మళ్ళీ చూడాలనుకుంటున్నాను. నిన్న రాత్రి చూశాను, తెల్లవారేదాకా నిద్ర పట్టలేదు. తుపాకి వీరులు తెరమీద ఎందరో ఉన్నారు గానీ, అతను వేసిన డాక్ హాలిడే వేరు. చెమటలు కారుతూ, గోడకు ఆనుకుంటూ, మాట మాత్రం తొణకనివ్వడు.

అసలు మనిషి జాన్ హెన్రీ హాలిడే. 1851లో అమెరికాలోని జార్జియాలో పుట్టాడు. అతనికి పదిహేనేళ్ళప్పుడు తల్లి క్షయతో పోయింది. 1872లో ఫిలడెల్ఫియాలో దంతవైద్యం పట్టా పుచ్చుకున్నాడు. కొద్ది కాలానికే తల్లిని తీసుకుపోయిన రోగం అతన్నీ పట్టుకుంది. నోరు తెరిచి కూర్చున్న వాడి ముఖం మీద దగ్గే వైద్యుడి దగ్గరికి ఎవరు వస్తారు? అలా పేకాట వృత్తి అయింది, నడుముకు తుపాకి వచ్చింది. ఎలాగూ పోయేవాణ్ణే అనుకున్నవాడి మాటకు ఒక నెమ్మది వస్తుంది. ఆ నెమ్మదిని తలచుకుంటుంటే ఈ పాదం దొరికింది. ఇది చివరి పాదంగా వచ్చేలా ఆటవెలది పూరించండి.

*చావు తోడు రాఁగఁ జావలేదు*

చిట్టడవి:
ఇక్కడ ఇది నా మొదటి పూరణ. పెద్దలు సరిదిద్దాలి.

దంతవైద్యుఁ డతఁడు దగ్గుతో బాధపడె
ఊరు విడిచి చేరె నుష్ణభూమి
పేకముక్కలాట ప్రీతిగా నాడుచుఁ
జావు తోడు రాఁగఁ జావలేదు

గంటంరాయుడు:
స్వాగతం. మొదటి పాదం చివర 'బాధపడె'లో ఒక లఘువు ఎక్కువైంది. 'పంటి వైద్యుఁ డతఁడు బాధించు దగ్గుతో' అంటే గణం కుదురుతుంది, కిందిపాదంతో అన్వయమూ అతుకుతుంది. మిగిలిన పాదాలు శుద్ధంగా ఉన్నాయి.

నిర్వాహకుడు:
నడక బాగుంది. అయితే పేకాట ఆడితే చావు ఎందుకు తప్పింది? కథ చెప్పారు గానీ ముడి విప్పలేదు. మూడో పాదం మళ్ళీ ఆలోచించండి.

నీలాటిరేవు:
గంటంరాయుడు గారూ, మిగిలిన పాదాలు శుద్ధంగా ఉన్నాయన్నారు. సంతోషం. 'ఆట ప్రీతిగా' అన్నచోట 'ట' తర్వాత 'ప్రీ' ఉంది. గత నెల 'గుఱ్ఱమెక్కినాఁడు గుడ్డివాఁడు' సమస్యకు నేను రాసిన పాదం గుర్తుందా?

చీఁకటింటి లోన స్వేచ్ఛగాఁ దిరుగుచు

'లోన' పక్కన 'స్వే' వచ్చింది కాబట్టి 'న' గురువైపోయిందని మీరు పట్టుపట్టారు. నా పూరణను ఎంపికలోంచి తీసేశారు. అప్పుడు గురువైనది ఇప్పుడు లఘువు ఎలా అయింది? చిట్టడవి గారి పద్యం మీద నాకు ఏ అభ్యంతరమూ లేదు, అది ఒప్పే. నాదీ ఒప్పే అని మాత్రమే అంటున్నాను.

గంటంరాయుడు:
అప్పుడు నేను పొరపడ్డాను. సమాసం కానప్పుడు తెలుగు మాట మీద పై మాటలోని జంటాక్షరం బరువు పడదు. 'లోన' వేరు, 'స్వేచ్ఛగా' వేరు. మీ పాదం నిర్దోషం. పది మందిలో తప్పన్నాను కనుక పది మందిలోనే ఒప్పంటున్నాను.

అయితే ఆ పూరణలో గుడ్డివాడు చీకటింట్లో గుఱ్ఱం ఎక్కడ ఎక్కాడన్న నా రెండో ప్రశ్నకు ఇంకా జవాబు రాలేదు.

నీలాటిరేవు:
అది కొయ్యగుఱ్ఱం. మూడో పాదం చివర ఉన్నదాన్ని మీరు చదవలేదు. ఆ సంగతి అక్కడే మాట్లాడుకుందాం. ఈ సమస్యకు నా పూరణ ఇది. 1881 అక్టోబరు 26, అరిజోనాలోని టూంబ్‌స్టోన్‌లో ఓకే కోరల్ దగ్గర జరిగిన కాల్పులు సందర్భం.

ముప్పదైన గుండ్లు ముప్పదౌ సెకనులు
ముగ్గు రొరిగి రచట మూఁగ లగుచుఁ
తుంటి రాచి తాను దూసుకుపోయిన
చావు తోడు రాఁగఁ జావలేదు

తాటియాకు:
'మూఁగ లగుచు' దగ్గర ఆగిపోయాను. పొద్దుటి నుంచీ ఊరంతా తిరిగి చంపుతానని ఒకడు అరిచాడు, అతని పక్షం వాళ్ళు ముగ్గురు నోరు లేకుండా పడిపోయారు. ఆ ఒక్క మాటలో వీధి మొత్తం కనిపించింది.

గంటంరాయుడు:
రెండు సంగతులు. 'లగుచుఁ' అని అరసున్న పెట్టి 'తుంటి' అన్నారు, అది 'దుంటి' కావాలి. యతికి ఇబ్బంది లేదు. రెండోది పెద్దది. 'పోయినన్' అన్నచోట ద్రుతం, అంటే చివరి నకారం, ఉంది కదా. అప్పుడు 'పోయినఁ జావు' అవుతుంది, సమస్య మొదటి అక్షరమే మారిపోతుంది.

నీలాటిరేవు:
'దుంటి' ఒప్పుకుంటున్నాను. రెండోది ఒప్పుకోను. అది 'పోయినన్' కాదు, 'పోయిన చావు'. దూసుకుపోయినది ఎవరనుకున్నారు? చావే. ఆ రోజు హాలిడే తుంటిని ఒక గుండు రాసుకుంటూ పోయింది. అది గుండు రూపంలో వచ్చిన చావు. తోడుగా వచ్చి, ఒంటిని తాకి, వదిలేసి పోయింది. అందుకే విశేషణంగా వాడాను, అక్కడ ద్రుతానికి చోటు లేదు.

గంటంరాయుడు:
నేను అలా చదవలేదు. ఇప్పుడు చదివాను. చాలా బాగుంది. 'తాను' మాత్రం గణం నింపడానికే వచ్చింది.

నీలాటిరేవు:
'తాను' తీసేస్తే చావుకు మనిషితనం పోతుంది. ఉంచుతున్నాను.

తాటియాకు:
పద్యానికి ముందు ఒక మాట. ఆ చిత్రంలో అందరికీ గుర్తున్నది 'ఐయామ్ యువర్ హకిల్‌బెరీ' అన్న మాట. హకిల్‌బెరీ ఒక అడవిపండు. నీకు కావలసిన మనిషిని నేనే అనడానికి 19వ శతాబ్దంలో అక్కడి జనం ఆ పండు పేరు వాడేవారు. మనమైతే అలాంటి చోట 'నీ పాలిటి యముణ్ణి' అంటాం. అతను యముడు ఉండవలసిన చోట పండును పెట్టాడు. వాల్ కిల్మర్ ఆ మాటను గొంతు పెంచకుండా, వాకిట్లో నిలబడ్డ చుట్టాన్ని లోపలికి రమ్మన్నట్టు పలికాడు. అందుకే అది ఇన్నేళ్ళు నిలిచింది. రెండు రోజులు కష్టపడితే నాకు ఒక్క పాదమే వచ్చింది.

నీవు వెదకు మనిషి నేనె సుమ్ము

పండు పోయింది, నెమ్మది కొంచెం మిగిలిందనుకుంటున్నాను. ఇక పూరణ.

మంచమెక్కి తుదకు మరణించె నాతఁడు
వట్టికాళ్ళఁ జూచి వాఁడె నవ్వె
కోరుకున్నదైన గుఱ్ఱంపు బూటుల
చావు తోడు రాఁగఁ జావలేదు

నిర్వాహకుడు:
నేను ఎదురుచూసిన విరుపు ఇదే, ఇంత తేలిగ్గా వస్తుందనుకోలేదు. 'బూటుల చావు' అని పై పాదం మాటను సమస్యకు తగిలించగానే అర్థం మొత్తం తిరిగిపోయింది. అతను చచ్చాడు. బూట్లు తొడుక్కుని చావలేదు, అంటే పోరులో పోలేదు, అంతే. 1887 నవంబరు 8న కొలరాడోలోని గ్లెన్‌వుడ్ స్ప్రింగ్స్‌లో, అక్కడి వేడినీటి బుగ్గల పేరు విని వెళ్ళిన చోట, మంచం మీద పోయాడు. వయసు 36. చివరి గడియలో దుప్పటి కింద తన వట్టి పాదాలు చూసుకుని ఇది భలే తమాషా అన్నాడని జనం చెప్పుకునే కథ. కథే కావచ్చు గానీ, పద్యానికి అది చాలు.

నీలాటిరేవు:
విరుపు గొప్పది. అందులో సందేహం లేదు. 'కోరుకున్నదైన' మీద మాత్రం నాకు పేచీ ఉంది. అతను ఆ చావు కోరుకున్నాడని ఎవరు చెప్పారు? ఎదురుచూడడం వేరు, కోరుకోవడం వేరు. పదిహేనేళ్ళు నెత్తురు కక్కుతూ బతికినవాడు చావును కోరుకుని ఉంటే దానికి ఒక్క రోజు చాలు. ఊరూరా గాలి మారుస్తూ తిరిగాడంటే బతకాలనే కదా.

తాటియాకు:
చావును కోరుకున్నాడని అనలేదు. ఎలాగూ వచ్చే చావుల్లో ఒకదాన్ని ఎంచుకున్నాడన్నాను. తల్లి పోయిన తీరును ఇంట్లో ఉండి చూసిన పిల్లవాడు అతను. దగ్గు కంటే గుండు నయమని అతనికి అనిపించి ఉండదా?

నీలాటిరేవు:
తల్లి సంగతి నాకు తట్టలేదు. పేచీ వదిలేస్తున్నాను.

గంటంరాయుడు:
అందరూ 'చావు' చుట్టూ తిరిగారు. నేను 'తోడు' పట్టుకున్నాను. ఆ రోజు తగాదా ప్రధానంగా హాలిడేది కాదు. ఊరి పోలీసు పని చూసే ఎర్ప్ అన్నదమ్ములది. అయినా వయట్ ఎర్ప్ పక్కన నడిచాడు.

వయటు పక్క నడిచెఁ బగ తనదే యన
నొంటివాని కొకటె యుండు నెపుడు
దారు లెన్ని యున్నఁ దప్పని తుదియైన
చావు, తోడు రాఁగఁ జావలేదు

నీలాటిరేవు:
'చావు' తర్వాత ఆపారు. ఒక్క విరామంతో చావు పై వాక్యంలోకి వెళ్ళిపోయింది, తోడు స్నేహితుడిదైంది. నెలల తరబడి మీతో వాదిస్తున్నాను గానీ, ఈ పద్యంలో వేలు పెట్టడానికి నాకు చోటు దొరకలేదు. మూడు సార్లు పైకి చదివాను. చిత్రంలో కూడా నాకు మిగిలింది తుపాకి కాదు, ఎందుకు వచ్చావని అడిగితే స్నేహితుడు కాబట్టి అని చెప్పే ఆ రోగి ముఖమే.

తాటియాకు:
'వయటు' అన్నది చెవికి కొంచెం కొత్తగా ఉంది.

గంటంరాయుడు:
పేరును మూడు లఘువుల్లో ఇమిడ్చాను. ఇంతకంటే మంచి దారి ఉంటే చెప్పండి, మారుస్తాను.

నిర్వాహకుడు:
నీలాటిరేవు గారి గత నెల పూరణను ఎంపికలో తిరిగి చేర్చాను. కొయ్యగుఱ్ఱం చర్చ అక్కడే సాగించండి.

చిట్టడవి:
మూడో పాదం మార్చాను. నిన్న రాత్రి దీని మీదే కూర్చున్నాను. ఇప్పుడు ముడి విడిందేమో చూడండి.

పంటి వైద్యుఁ డతఁడు బాధించు దగ్గుతో
ఊరు విడిచి చేరె నుష్ణభూమి
భయము చచ్చెఁ గాని వాఁడు మాత్రము నాఁడు
చావు తోడు రాఁగఁ జావలేదు

గంటంరాయుడు:
విడింది. 'దగ్గుతో' తర్వాత 'నూరు' అని కలపండి, విసంధి (సంధి చేయకుండా వదిలిన దోషం) పోతుంది. 'భయము చచ్చెఁ గాని' నాకు తట్టి ఉంటే నా పద్యం రాసేవాణ్ణి కాదు.