పీడీఎఫ్ ప్రింట్ ఆగిపోయింది, లిబ్‌పాప్లర్ ఫైల్ లేదంటోంది

ప్రశ్న: మొన్న లినక్స్ అప్‌డేట్ చేశాక, నేను విడిగా దించుకున్న పాత పీడీఎఫ్ ప్రోగ్రామ్ తెరుచుకోవడమే లేదు, లిబ్‌పాప్లర్ షేర్డ్ లైబ్రరీ (పీడీఎఫ్‌లు చూపించడానికి వేర్వేరు ప్రోగ్రాములు కలిసి వాడుకునే ఫైల్) దొరకలేదని ఎర్రర్. రేపు నాన్నగారి పెన్షన్ కాగితాలు ప్రింట్ తీయాలి, టెన్షన్‌గా ఉంది. కొత్త ఫైల్‌కే పాత పేరుతో లింక్ పెడితే సరిపోతుందా?

జవాబు: ఆ పని మాత్రం చేయకండి. ఆ ఫైల్ పేరు చివరి అంకె ఊరికే పెట్టింది కాదు, లైబ్రరీ లోపలి అమరిక పాతదానికి సరిపడనంతగా మారినప్పుడు అదీ మారుతుంది, పాప్లర్‌లో ఇది తరచూ జరిగేదే. పేరు మార్చి నమ్మిస్తే ప్రోగ్రామ్ మధ్యలో కూలిపోవచ్చు. ఎల్‌డీడీ కమాండ్‌తో ఇంకేం ఫైళ్లు లేవో చూసి, ఆ ప్రోగ్రామ్ కొత్త వెర్షన్ వేసుకోండి. రేపటి పనికైతే ఎవిన్స్‌లోనో ఓక్యులర్‌లోనో (ఇవీ పీడీఎఫ్ చూసే ప్రోగ్రాములే) తెరవండి. రెండూ పాప్లర్ మీదే నడుస్తాయి, సిస్టమ్ ప్యాకేజీలు కాబట్టి సరైన ఫైల్ వాటితో పాటే వస్తుంది.

మరో జవాబు: తెలుగు కాగితమైతే ముందు పీడీఎఫ్‌ఫాంట్స్ కమాండ్ (పీడీఎఫ్‌లోని ఫాంట్ల జాబితా చూపేది) నడపండి. ఫాంట్ ఆ పీడీఎఫ్‌లోనే ఇమిడి లేకపోతే అక్షరాల బదులు డబ్బాలు రావచ్చు.

అడిగినవారు: ఎవిన్స్‌లో వచ్చిందండీ, తెలుగు కూడా శుభ్రంగా పడింది. లింక్ జోలికి వెళ్లలేదు.