దుంగల మధ్య సిమెంట్ తీయించాలా?

పెన్సిల్వేనియాలో లాంకాస్టర్ దగ్గర పోయినేడాది ఒక పాత ఇల్లు కొన్నాం. మొన్న బయటి చెక్క పలకలు మార్చబోతే లోపల దుంగలు బయటపడ్డాయి! గొడ్డలి గాట్లు ఇంకా చేతికి తగులుతున్నాయి. మూలల్లో దుంగ తలను ఇంటి కప్పులా ఏటవాలుగా చెక్కి, పై దుంగకు సరిగ్గా అదే ఆకారంలో గాడి తీసి కూర్చోబెట్టారు.

సమస్యేంటంటే, సందుల్లో ఎవరో ఎప్పుడో సిమెంట్ కూరారు. కర్ర తేమకు ఉబ్బుతుంది, ఆరితే కుంచించుకుపోతుంది, సిమెంట్ మాత్రం కదలదు. ఆ పగుళ్లలో నీళ్లు దిగి అడుగు దుంగ మెత్తబడింది. స్క్రూడ్రైవర్ పెడితే రెండంగుళాలు దిగిపోతోంది. కాంట్రాక్టరేమో మళ్లీ సిమెంటే అంటున్నాడు. నాకు మా తాతయ్య ఇంటి గానుగ సున్నమే నయమనిపిస్తోంది. ఇలాంటి ఇంటికి సున్నం పని చేయించినవాళ్లు ఉన్నారా? ఆ ఒక్క దుంగ మార్చాలంటే పై గోడంతా జాక్‌లతో ఎత్తాలా?

ఇంకోటి, ఇంటి వయసు. 1798 ఫెడరల్ పన్ను జాబితాల్లో ఇల్లు రాతిదా, దుంగలదా అని కూడా రాశారు. అందులో పాత యజమానిని ఎలా పట్టుకోవాలి? కర్రలోని వలయాలను బట్టి చెట్టు నరికిన ఏడాది తేల్చాలంటే బెరడు అంచు ఉండాలి. మాకు అటక మీద ఒక్క దుంగకే ఉంది, అది చాలుతుందా?

ప్రస్తుతానికి గోడకు టార్పాలిన్ కట్టి ఉంచాం. వాన పడితే టెన్షన్.